ఓబీ గుట్టకు ట్రాక్టరులో వచ్చిన వానపాములు

వానపామును చూపించి "ఇది ఏ వానపాము?" అని అడిగితే ఇబ్బందిగా నవ్వే మనుషుల మధ్య నా ఉద్యోగమంతా గడిచింది. "ఏ వానపాము ఏమిటమ్మా, వానపాము వానపామే" అనేవారు. పెద్ద చదువులు చదివినవాళ్లే అనేవారు. వాళ్లే ఇంటికి బియ్యం కొనాల్సి వస్తే దొడ్డువా సన్నవా, పాతవా కొత్తవా అని నాలుగు కొట్లు తిరుగుతారు. మట్టిని మట్టిగా నిలిపే ప్రాణి దగ్గరికి వచ్చేసరికి మాత్రం వాళ్లకు అన్నీ ఒకటే. ఆ మాట వింటే నాకు అప్పుడూ కోపమే, ఇప్పుడూ కోపమే. ఈ పనిలోకి కొత్తగా వస్తున్న మీకు ఆ కోపం ఎక్కడ పుట్టిందో చెబుతాను. వయసు మీద పడి గొణుగుతోంది అనుకుంటే అనుకోండి, చదవడం మాత్రం చివరిదాకా చదవండి.

నేను పని చేసింది ఓబీ గుట్టల మీద పచ్చదనం పెంచే ఒక కాంట్రాక్టు సంస్థలో. గోదావరిఖని వాళ్లకు ఓబీ అంటే చెప్పనక్కర్లేదు. తెలియనివాళ్ల కోసం ఒక మాట. ఓపెన్‌కాస్టులో బొగ్గు అందాలంటే ముందు దాని మీదున్న మట్టినీ రాతినీ తవ్వి పక్కన పోయాలి. ఆ ఓవర్‌బర్డెనే ఓబీ, పోసిపోసి కొన్నేళ్లకు గుట్ట అవుతుంది. దూరం నుంచి చూస్తే కొండే. దగ్గరికి వెళితే ఇసుకరాయి ముక్కలు, పలకరాయి పొడి, బొగ్గు నుసి. అంత లోతు నుంచి పైకి వచ్చిన సరుకు కాబట్టి అందులో ఎన్నడూ వేరు దిగి ఉండదు, పురుగు పాకి ఉండదు.

అందుకే గని తెరిచేటప్పుడు పొలాల పై మట్టిని, అంటే పైరు పండే ఆ మూరెడు మందం మట్టిని, విడిగా గీకి వేరే కుప్ప పోస్తారు. గుట్ట పోయడం అయిపోయాక ఆ మట్టిని తెచ్చి దాని మీద పరవాలి. కమాన్‌పూర్ వైపు మేము పని చేసిన గుట్టకు కూడా అలాంటి కుప్ప ఒకటి ఉండేది. గుట్ట కింది మెట్టును చదును చేసి, ఆ మట్టి పరిచి, పక్క ఊరి ఆడవాళ్ల సంఘానికి పశుగ్రాసం పెంచుకోవడానికి అప్పజెప్పాలని మా ఒప్పందం. ఇది దయ కాదు. ఆ కుప్పలో ఉన్న మట్టి ఆ ఊరి చెలకలదే, వాన మీద పండే ఆ పొలాలదే.

ఆ సంఘానికి పెద్ద ఒకామె ఉండేది. ఆమె చెలక గనిలో పోయింది. వచ్చిన డబ్బు ఇంటికీ పెళ్లిళ్లకూ అయిపోగా మిగిలినవి రెండు బర్రెలు. పాలు తెచ్చి ఖని కాలనీల్లో పోసేది. గడ్డి కొనలేక ఒక బర్రెను అమ్మేద్దామా అని ప్రతి ఎండాకాలం ఆలోచించేది. కింది మెట్టు చేతికొస్తే రెండూ ఉంటాయి, రాకపోతే ఒకటి పోతుంది. ఆమె లెక్క అంతే, అందులో తప్పేమీ లేదు.

"అక్కా, మా మన్ను మా మెట్టు మీద ఎప్పుడు పరుస్తరు?" అని నేను కనిపించిన ప్రతిసారీ అడిగేది.

"వానలు పడంగనే పరుస్తరు చెల్లె."

"పోయినేడు గూడ గిదే మాట చెప్పినవు. ఆ వానలు ఇంక పడలేదా?"

మా మేనేజరు కృష్ణా జిల్లా మనిషి. చురుకైనవాడు, మర్యాద తెలిసినవాడు, నాకంటే ఇరవై ఏళ్లు చిన్న. చెడ్డవాడని చెప్పను. ఏ పనైనా ఫోటోలో బాగా కనబడితే అయిపోయినట్టే అనుకునే మనిషి, అంతే. అలాంటివాళ్లు చేసే నష్టం చెడ్డవాళ్లు కూడా చేయలేరు.

పట్నం నుంచి తనిఖీ బృందం వస్తోందని కబురు వచ్చింది. గుట్ట మీద చెట్లెన్ని బతికాయి, పక్షులు వస్తున్నాయా, మట్టిలో జీవం ఉందా, ఇవన్నీ చూస్తారట. మేనేజరు నన్ను పిలిచాడు.

"మేడమ్ గారూ, గుట్ట మీద వానపాములు ఉన్నాయంటారా?"

"లేవు సార్. ఆరు చోట్ల గుంతలు తీసి చూశాను. ఒక్కటి కూడా లేదు. పై మట్టి పరవందే రావు."

"మన నర్సరీలో ఉన్నాయి కదండీ, వర్మీ కంపోస్టు తొట్లలో. బోలెడున్నాయి."

నాకు ఆయన ఏం ఆలోచిస్తున్నాడో అర్థమైంది. అర్థమైనా నమ్మబుద్ధి కాలేదు.

"సార్, అవి ఎరువు పురుగులు. పేడలో, కుళ్లిన ఆకులో బతుకుతాయి. రాళ్లలో వేస్తే చస్తాయి."

"వానపామే కదండీ. ఎక్కడున్నా వానపామే."

ఇక్కడ మీకు కాస్త పాఠం చెప్పక తప్పదు, ఓపిక పట్టండి. ఉంగరాలు వరసగా పేర్చినట్టు ఒళ్లంతా ఖండాలుగా ఉండే పురుగుల వంశం ఒకటుంది. పుస్తకాల్లో అనెలిడా అంటారు. పొలంలో కాలికి పట్టే జలగ ఆ వంశంలోదే. మురుగు కాలువ అడుగున తల బురదలో పెట్టి తోక ఆడించే ఎర్రదారాల్లాంటి పురుగులూ అవే. సముద్రపు ఇసుకలో ఒంటికి రెండు వైపులా తెడ్లలాంటి కాళ్లున్నవి ఉన్నాయి. సముద్రం అడుగున వేడినీటి ఊటల పక్కన గొట్టాల్లో, నోరూ పేగూ లేకుండా, ఒంట్లో పెట్టుకున్న సూక్ష్మజీవులు వండిపెడితే బతికేవి కూడా ఉన్నాయి. జలగను తెచ్చి వానపాము పని చేయమంటే చేస్తుందా?

వానపాములలో మళ్లీ ఎవరి పని వాళ్లది. మన గని భాషలో చెబితే, కొన్నిటిది సర్ఫేసు డ్యూటీ, కొన్నిటిది అండర్‌గ్రౌండు. నర్సరీ తొట్లలో ఉండే ఎర్రవి సర్ఫేసువి. పేడ, చెత్త తిని ఎరువు చేస్తాయి, మట్టిలోకి దిగవు, దిగడం చేతకాదు. చెలకలో ఉండే మట్టిరంగువి వేరు. అవి మట్టినే తింటాయి, సొరంగాలు తవ్వుతాయి, వాన నీరు లోపలికి దిగడానికి దారి చేస్తాయి, పొద్దున్నే చూస్తే పైన గుళికలుగా పోసి ఉంటాయి. రెంటికీ ఊపిరితిత్తులు లేవు, తడి చర్మంతోనే గాలి పీలుస్తాయి. ఒంటి కింద సన్నని ముళ్లు ఉంటాయి, వాటితో మట్టిని పట్టుకుని జరుగుతాయి. పలకరాయి పొడి మీద ఆ ముళ్లకు పట్టు దొరకదు. చర్మం ఆరితే ఊపిరి ఆగిపోతుంది. పేడలో పుట్టి పేడలో పెరిగిన పురుగును రాళ్ల గుట్ట మీద వదలడమంటే, ఆఫీసు గుమాస్తాను టోపీ లైటు లేకుండా గనిలో దింపి బొగ్గు తెమ్మనడమే.

ఇదంతా మేనేజరుకు చెప్పాను. ఇంత పొడుగ్గా కాదు కానీ చెప్పాను. ఆయన శ్రద్ధగా విన్నాడు. చివర్లో "మీరు సబ్జెక్టు మనిషండీ, మీతో మాట్లాడితే ఎప్పుడూ ఏదో ఒకటి తెలుస్తుంది" అన్నాడు. మర్నాడు నర్సరీ తొట్లను ఖాళీ చేసి గోనెసంచుల్లో నింపి ట్రాక్టరులో గుట్టకు పంపాడు.

ఎందుకంత తొందర అని నేను ఆరా తీశాను. తెలిశాక నా ఒళ్లు మండింది. తనిఖీలో 'మట్టిలో జీవం ఉంది' అని తేలితే ఇక పై మట్టి పరవాల్సిన అవసరం లేదని చెప్పవచ్చు. అప్పుడా కుప్ప మిగులుతుంది. మా సంస్థ క్యాంపులో గెస్ట్ హౌసు కట్టారు, దాని ముందు పచ్చిక వేయడానికి మంచి మట్టి కావాలి.

తనిఖీ రోజు ముందు సాయంత్రం వాన పడింది. పెద్ద వాన కాదు, గుట్ట పైపొర తడిసేంత. తడి తగలగానే, సంచుల్లోంచి పోసిన ఆ ఎర్ర పురుగులన్నీ బయటికి వచ్చాయి. ఎక్కడికి పోవాలో తెలియక రాళ్ల మీద, బాట మీద పాకాయి. పొద్దున ఎండ రాగానే ఎక్కడివక్కడ ఆరిపోవడం మొదలుపెట్టాయి.

వాటి కోసం పక్షులు దిగాయి. గోరింకలు, కాకులు, తెల్లకొంగలు. ఆ గుట్ట మీద అన్ని పక్షులను నేను అంతకుముందు ఎన్నడూ చూడలేదు. ఒక పక్క పురుగులు చస్తున్నాయి, ఒక పక్క వీటికి విందు. అదే సమయానికి తనిఖీ జీపులు వచ్చాయి.

బృందానికి పెద్దగా వచ్చినాయన జీపు దిగి నడుం మీద చేతులు పెట్టుకుని చూశాడు. "అద్భుతం" అన్నాడు. "రాళ్ల గుట్ట మీద ఇన్ని కొంగలు. నేను చాలా గనులు తిరిగాను, ఇలా ఎక్కడా లేదు."

మా మేనేజరు వంగి, బాట పక్కన ఇంకా కదులుతున్న నాలుగు పురుగులను అరచేతిలో వేసుకుని చూపించాడు. ఫోటోలు తీశారు. కొంగలతో కలిపి తీశారు. చచ్చిన పురుగుల మీద బూట్లు వేసి నిలబడి మరీ తీశారు.

నేను అక్కడే ఉన్నాను. మేనేజరు నా వైపు చూడకుండా జాగ్రత్తపడుతున్నాడు. బృందం పెద్ద నన్ను చూసి, "మీరు జువాలజీ అటగా. సంతోషంగా ఉందా?" అని అడిగాడు.

"లేదు సార్" అన్నాను. "ఈ పురుగులు ఇక్కడివి కావు. మొన్న నర్సరీ తొట్లలోంచి ట్రాక్టరులో తెచ్చి పోశారు. సాయంత్రానికి ఒక్కటి కూడా మిగలదు. కొంగలు వచ్చింది వీటి చావుకు."

ఆయన చేతిలోని తనిఖీ కాగితం వైపు చూశాడు, నా వైపు చూశాడు, ఎంతో ఓపికగా అన్నాడు: "అమ్మా, మాకు ఉన్న ప్రశ్న వానపాములు ఉన్నాయా లేవా అని. ఉన్నాయి. ఎక్కడి నుంచి వచ్చాయని మమ్మల్ని ఎవరూ అడగలేదు."

ఆ మాట విన్నప్పటి నుంచి ఇప్పటివరకు నేను మరిచిపోలేదు. ఇంట్లో దొంగ దూరితే మనుషుల లెక్కలో ఒకటి కలిపి రాసుకునే రకం ఇది. మీలో రేపు ఎవరైనా తనిఖీకి వెళ్లే స్థాయికి ఎదుగుతారు. అప్పుడు దయచేసి ఎక్కడి నుంచి వచ్చాయో కూడా అడగండి.

వారం తిరగకముందే కుప్ప దగ్గరికి లోడరు వచ్చింది. టిప్పర్లు గెస్ట్ హౌసు దారి పట్టాయి. నేను ఆ మధ్యాహ్నం సెలవు పెట్టి ఊళ్లోకి వెళ్లాను. సంఘం పెద్దామె బర్రెలకు కుడితి పోస్తోంది.

"చెల్లె, మీ మన్ను తీస్కపోతున్నరు" అన్నాను.

ఆమె బకెట్ కింద పెట్టింది. "యాడికి?"

"గెస్ట్ హౌసుకు. గడ్డి పెంచుతరట."

"మరి మాగ్గూడ గడ్డికే గద ఇస్తమన్నరు. వాళ్ల గడ్డి ఏ బర్రె తింటదక్కా?"

"ఏ బర్రె తినదు. సూడనీకి."

ఆమె కొంచెంసేపు నా మొహం చూసింది. నేను ఎగతాళి చేస్తున్నానేమో అనుకుంది. కాదని తెలిశాక చీర కొంగు దోపి, పక్కింటి గడపలో నిలబడి కేక వేసింది.

మర్నాడు పొద్దున ఆ ఊరి ఆడవాళ్లు తట్టలు బోర్లించుకుని లోడరు ముందు కూర్చున్నారు. మగవాళ్లు డ్యూటీలకు పోయారు, ఆడవాళ్లే. నినాదాలు లేవు. ఒకామె అక్కడే కూర్చుని చిక్కుడుకాయ వలుస్తోంది. డ్రైవరు ఇంజిన్ ఆపి చెట్టు కిందికి పోయి పడుకున్నాడు. మేనేజరు పరుగున వచ్చాడు.

"ఏంటమ్మా ఇది? పనికి అడ్డం పడితే ఎలా?"

"మా మన్ను మా మెట్టు మీద పరువుండ్రి సార్, లేచి పోతం."

"అక్కడ మట్టి బాగైపోయిందమ్మా. వానపాములు కూడా వచ్చాయి. పట్నం నుంచి వచ్చి చూసి రాసుకెళ్లారు."

వానపాముల్ని మా వైపు ఎర్రలంటారు. ఆమె అదే మాట పట్టుకుంది. "ఎర్రలున్నయా? ఉంటె సూపియ్యి. ఒక్కటి సూపియ్యి సార్, మేం గిప్పుడే పోతం. ఆ లోడరు మేమే నూకి స్టార్టు చేస్తం."

ఆయన ఒప్పుకున్నాడు. ఆయనకు నిజంగానే ఉంటాయని నమ్మకం. అదే నాకు ఇప్పటికీ మింగుడు పడని సంగతి. తాను తెచ్చి పోసినవేనని తనకు తెలుసు, అయినా అక్కడ బతికి పిల్లల్ని పెట్టి ఉంటాయని నమ్మాడు.

అందరం కింది మెట్టుకు నడిచాం. నేను పార, రెండు బిందెల నీళ్లు, ఒక పొట్లం ఆవపిండి తీసుకెళ్లాను. ఆవపిండి కలిపిన నీళ్లు నేల మీద పోస్తే, లోతున ఉన్న వానపాములు మంటకు తట్టుకోలేక పైకి వస్తాయి. పాత పద్ధతే. వాటికి హాని కాకుండా వెంటనే మంచినీళ్లతో కడిగేయాలి.

"ఎర్రలకు పోపు పెడుతున్నవా అక్కా?" అంది చిక్కుడుకాయల ఆవిడ. అందరూ నవ్వారు.

గుట్ట మెట్టు మీద పోశాను. నీళ్లు రాళ్ల సందుల్లోంచి సర్రున దిగిపోయాయి. ఏమీ రాలేదు. ఇంకో చోట పోశాను. రాలేదు. మేనేజరు చొక్కా చేతులు మడిచి పార అందుకుని తానే తవ్వాడు. పలకరాయికి తగిలి పార కణకణమంది. నాలుగు గుంతలు తీశాడు. ఒకచోట ఎండి వంకర తిరిగిన దారంలాంటిది ఒకటి దొరికింది. తీసి వెలుతురుకు పెట్టి చూశాడు.

"వలస వెళ్లిపోయినట్టున్నాయి" అన్నాడు మెల్లగా.

"ఏ బస్సెక్కిపోయినయి సార్?" అంది పెద్దామె. "గోదావరిఖని బస్సా, మంచిర్యాల బస్సా?"

ఈసారి ఎవరూ నవ్వలేదు. ఆమె కూడా నవ్వలేదు. అక్కడి నుంచి బాట దాటితే గనిలో పోకుండా మిగిలిన చెలక ఒకటుంది. అక్కడికి తీసుకెళ్లి అదే ఆవనీళ్లు పోశాను. కాసేపు ఏమీ లేదు. తర్వాత గడ్డి వేర్ల మధ్య మట్టి కదిలింది. మట్టిరంగులో, వేలెడు పొడుగున, మెడ దగ్గర లేత రంగు పట్టీ ఉన్నది ఒకటి వచ్చింది. దాని వెనక ఇంకోటి. తర్వాత నేను లెక్క పెట్టడం మానేశాను, కడగడానికే చేతులు చాలలేదు.

"ఇవి చెలకవి సార్" అన్నాను. "వీటిని సంచుల్లో తెచ్చి పోయలేం. వీటికి వాటి మట్టి కావాలి. మట్టి పరిస్తే అవే వస్తాయి. వేరే దారి లేదు."

ఆయన టిప్పర్లను వెనక్కి తిప్పించాడు. ఆ మాత్రం ఆయనకు రాయాల్సిన మంచి మార్కు నేను రాస్తున్నాను. మిగిలిన కుప్పంతా ఆ వానాకాలంలో కింది మెట్టు మీదే పరిచారు. నన్ను ఆ నెలలోనే శ్రీరాంపూర్ వైపు నర్సరీకి మార్చారు. అక్కడ నా పని మొక్కల సంచులకు చిల్లులు పొడవడం. చిల్లులు పొడుస్తూనే రిటైరయ్యాను.

ఇదే కథ ఇంకెవరైనా చెబితే ఇక్కడ ముగించి గెలిచామంటారు. నేను అనను. అప్పటికే కుప్పలో మూడో వంతు గెస్ట్ హౌసు ముందుకు వెళ్లిపోయింది. అది తిరిగి రాలేదు. రెండు వంతుల మట్టితో మెట్టు ఎంతవరకు కప్పగలిగితే అంతవరకు కప్పారు. ఇప్పటికీ వెళ్లి చూడండి. కింది మెట్టు మీద గడ్డి ఒత్తుగా ఉంటుంది, పొద్దున్నే వానపాముల గుళికలు కాలికి తగులుతాయి. అలా నడుస్తూ ఉంటే ఒకచోట గడ్డి కత్తితో కోసినట్టు ఆగిపోతుంది. ఆ అవతల రాళ్లే. ఎన్ని వానలు పడినా ఆ గీత పెద్దగా జరగలేదు. పెద్దామె రెండో బర్రె మేత ఆ గీత అవతల ఉండాలి. ఎండాకాలం వస్తే ఆమె ఇప్పటికీ గడ్డి కొంటుంది.

పోయిన వేసవిలో ఆమెను చూడటానికి వెళ్లాను. మాటల మధ్యలో లేచి చిన్న బర్రె తాడు విప్పింది. "నడువక్కా, జరంత తిరిగొద్దాం" అంది. ఎటు అని అడగలేదు. ఊరు దాటి, క్యాంపు గోడ వెంబడి నడిచి, గెస్ట్ హౌసు గేటు ముందు ఆగింది. లోపల పచ్చిక నిగనిగలాడుతోంది. రెండు పైపులు నీళ్లు చిమ్ముతున్నాయి. గేటు దగ్గర కాపలా ఉన్నతను ఆ ఊరివాడే.

"అత్తా, ఏంది గిది? బర్రెను తోలుకొచ్చినవేంది?"

"మేపుతా."

"నా నౌకరి పోతదత్తా."

"నీ నౌకరి పోతె ఇంకోటి దొరుకుతది బిడ్డా. ఇది మా చెలక మన్ను. గీ మన్ను నాకు యాడ దొరుకుతది?"

అతను గెస్ట్ హౌసు వైపు చూశాడు, నా వైపు చూశాడు. పెద్దదాన్ని, చదువుకున్నదాన్ని, ఏదో ఒకటి సర్దిచెబుతానని ఆశపడ్డాడు. ఆమె గేటు తోసి తాడు వదిలేసింది. బర్రెకు ఎవరి అనుమతీ అక్కర్లేదు, నేరుగా పోయి పచ్చిక మధ్యలో తల వంచింది. స్ప్రింగు గేటు అది, వదిలితే మూసుకుపోతుంది. బర్రె కడుపు నిండేదాకా నేను దాన్ని తెరిచి పట్టుకుని నిలబడ్డాను.